పరిగె ఏరిన కెమెరా: ఆన్యెస్ వర్దా మామూలు మనుషుల్ని, మామూలు వస్తువుల్ని ఎలా తీసింది?

వరి కోతలు అయిపోయి, పనలు కట్టి కుప్ప వేశాక కూడా చేలో కొన్ని వెన్నులు మిగిలిపోతాయి. కొడవలికి అందనివి, పన ఎత్తేటప్పుడు రాలినవి. వాటిని ఏరుకోవడాన్ని పరిగె ఏరుకోవడం అంటాం. నా చిన్నప్పుడు ఒంటరి ముసలమ్మలు, కూలికి వచ్చినవాళ్ల పిల్లలు కొంగులోనో చిన్న గంపలోనో వాటిని పోగుచేసుకునేవాళ్లు. రైతు చూసీ చూడనట్టు పోయేవాడు. కోత మిషన్లు వచ్చాక ఆ పనితో పాటు ఆ మాట కూడా వినపడటం తగ్గింది. చాలా ఏళ్ల తర్వాత ఒక ఫ్రెంచ్ డాక్యుమెంటరీ చూస్తుంటే ఆ మాట దానంతట అదే నోటికొచ్చింది.

ఆ సినిమా తీసినావిడ ఆన్యెస్ వర్దా. సినిమా 2000లో వచ్చింది. ఇంగ్లీషులో దాని పేరు 'ద గ్లీనర్స్ అండ్ ఐ'. అసలు ఫ్రెంచ్ పేరును మాటకు మాట తెలుగులో చెబితే 'పరిగె ఏరేవాళ్లు, పరిగె ఏరే ఆవిడ' అవుతుంది. ఆ ఆవిడ కెమెరా పట్టుకున్న వర్దానే. ఇంగ్లీషు పేరులోని 'నేను' ఆమెను మిగతావాళ్లకు ఎదురుగా నిలబెడుతుంది. ఫ్రెంచ్ పేరు ఆమెను కూడా ఏరేవాళ్లలో ఒకరిగా లెక్కవేస్తుంది. 1954 నుంచి 2019 దాకా, అరవై ఐదేళ్లు సాగిన ఆమె పనిలోకి వెళ్లడానికి ఈ చిన్న తేడా మంచి వాకిలి.

ఎందుకంటే బయటి నుంచి చూస్తే ఆ పని అంతా చెల్లాచెదురుగా కనిపిస్తుంది. ఒకచోట జాలరి పేట, ఒకచోట కూరగాయల వీధి. పారిస్‌లో మాంసం కొట్టు, లాస్ ఏంజెలెస్‌లో బొమ్మలు వేసిన గోడలు, ఎలుగుబంటి బొమ్మలున్న పాత ఫొటోలు, పారబోసిన బంగాళాదుంపలు, ముళ్లు లేని గడియారం. వీటన్నిటినీ ఒకే మనిషి ఎందుకు తీసింది? 'మామూలు వాటిలో అందం చూసింది' అని చాలామంది రాస్తారు. ఆ జవాబు నాకు చాలదు. మామూలు వస్తువును కెమెరా ముందు పెడితే అది మామూలుగానే ఉంటుంది. ఫోన్‌తో ఇంట్లో వీడియో తీసి, మర్నాడు చూసుకుని నిరాశపడిన ప్రతివాళ్లకూ ఈ సంగతి తెలుసు. మరి ఆమె చేతిలో జరిగింది ఏమిటి?

జాలర్ల పేటలో మొదలు

వర్దా 1928లో బ్రస్సెల్స్‌లో పుట్టింది. కొంత బాల్యం దక్షిణ ఫ్రాన్స్‌లోని సెత్ అనే రేవు ఊళ్లో గడిచింది. సినిమా స్కూలుకు పోలేదు, ఎవరి దగ్గరా అసిస్టెంటుగా చేయలేదు. ఆమె ఫొటోగ్రాఫర్. జాఁ విలార్ నడిపిన నాటక సంస్థకు ఫొటోలు తీసేది. సినిమాలు చూసింది కూడా చాలా తక్కువ. అలాంటి మనిషి 1954లో, ఇరవై ఆరేళ్లకు, సొంతంగా ఒక చిన్న కంపెనీ పెట్టి సెత్‌లోని జాలర్ల పేటలో సినిమా తీసింది. ఆ పేట పేరే సినిమా పేరు, 'లా పాయింట్ కూర్త్'. నటులిద్దరే. మిగతా అందరూ అక్కడి మనుషులే, వాళ్ల ఇళ్లు, వాళ్ల పడవలు, వాళ్ల వలలు. ఎడిటింగ్ చేసింది తర్వాతి కాలంలో పెద్ద దర్శకుడైన అలాఁ రెనే.

ఆ సినిమాలో రెండు దారాలు ఒకదాని పక్కన ఒకటి నడుస్తాయి, ఎక్కడా కలవవు. ఒకటి విడిపోదామా వద్దా అని మాట్లాడుకునే భార్యాభర్తల కథ. రెండోది, ఉప్పు కాలవలో గుల్లలు ఏరనివ్వని అధికారులతో తంటాలు పడే జాలర్ల కథ. ఒక నవలలో రెండు కథలు వంతులవారీగా నడవడం చూసి వర్దా ఈ పద్ధతి తీసుకుంది. నిజం చెప్పాలంటే దంపతుల సగం నాకు బిగుసుకుపోయినట్టు ఉంటుంది, వాళ్లు పుస్తకం చదువుతున్నట్టు మాట్లాడతారు. జాలర్ల సగం మాత్రం ఇవాళ చూసినా చేపల వాసన వస్తుంది. ఆమె దారి ఎటో ఆ సగమే చెబుతుంది.

నాలుగేళ్ల తర్వాత, కడుపుతో ఉన్న రోజుల్లో, పారిస్‌లోని మూఫెతార్ వీధి సంతను తీసింది. మడత కుర్చీ ఒకటి తీసుకెళ్లి, దాని మీద నిలబడి, మళ్లీ మళ్లీ అక్కడే తీసేది. మొదట వింతగా చూసిన జనం తర్వాత పట్టించుకోవడం మానేశారు. అక్కడ మాసిన బట్టల ముసలివాళ్లు, తాగినవాళ్లు, సంచులు మోసే ఆడవాళ్లు ఉంటారు. బిడ్డను మోస్తున్న మనిషి వాళ్లను చూస్తూ, వీళ్లంతా ఒకప్పుడు పసిబిడ్డలే కదా అనుకుంటుంది. పదహారు నిమిషాల ఆ సినిమాలో వీధి ఎంత కనిపిస్తుందో, చూస్తున్న మనిషి స్థితి కూడా అంతే కనిపిస్తుంది.

కరెంటు తీగ ఎంత దూరం వెళితే అంత దూరం

ఈ వ్యాసంలో ఒక్క సంగతే గుర్తుంచుకోవాలంటే నేను ఈ తీగ కథ చెబుతాను.

1951 నుంచి చనిపోయేదాకా వర్దా పారిస్‌లో దాగేర్ అనే వీధిలో ఉంది. 1972లో కొడుకు పుట్టాడు. పసివాణ్ని వదిలి దూరం పోయి షూటింగ్ చేసే వీలు లేదు. జర్మన్ టెలివిజన్ వాళ్ల కోసం ఒక సినిమా తీయాలి. ఆమె ఏం చేసిందంటే, తన ఇంటి కరెంటు మీటరు నుంచి ఒక పొడుగాటి తీగ లాగింది. వంద మీటర్లు కూడా ఉండదు అది. ఆ తీగ ఎంతవరకు వెళ్తే అంతవరకే సినిమా అనుకుంది. కొట్లవాళ్ల కరెంటు వాడుకుని వాళ్లకు బిల్లు భారం పెట్టకూడదన్నది కూడా అందులో ఉంది. ఆ తీగను ఆమె బొడ్డుతాడుతో పోల్చింది.

ఆ తీగ పొడుగులో ఏమున్నాయి? రొట్టెల కొట్టు, మాంసం కొట్టు, దర్జీ, గడియారాలు బాగుచేసే ఆయన, మంగలి షాపు, డ్రైవింగ్ స్కూలు, సెంట్లు అమ్మే ఒక పాతకాలపు దుకాణం. 1970ల మధ్యలో వచ్చిన ఆ సినిమా పేరు 'దాగెరియోటైప్స్'. ఇందులో మాటల ఆట ఉంది. ఫొటో తీసే తొలి పద్ధతుల్లో ఒకదాన్ని 1839లో లోకానికి చూపించిన లూయి దాగేర్ పేరే ఆ వీధికి పెట్టారు. ఆయన పద్ధతిలో తీసిన ఫొటోను దాగెరియోటైప్ అంటారు. దాగేర్ వీధి మనుషులు కాబట్టి వీళ్లూ దాగెరియోటైపులే. ఆ పాత ఫొటో కోసం మనిషి చాలాసేపు కదలకుండా ఉండాలి. వర్దా కూడా ఈ కొట్లవాళ్లను జంటలు జంటలుగా కదలకుండా నిలబెట్టి తీస్తుంది. నిలబడ్డ కొద్దీ వాళ్ల చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియని ఇబ్బంది, పక్కనున్న భార్య వైపు చిన్న చూపు, అన్నీ బయటికొస్తాయి.

ఆమె అడిగిన ప్రశ్నలు చాలా సాదావి. ఏ ఊరి నుంచి వచ్చారు? ఎప్పుడొచ్చారు? మీ ఇద్దరికీ పరిచయం ఎలా అయింది? రాత్రిళ్లు కలలొస్తాయా? పారిస్ నడిబొడ్డున ఉన్న ఆ కొట్లలో చాలామంది పల్లెల నుంచి వచ్చినవాళ్లేనని ఈ ప్రశ్నల వల్ల తెలుస్తుంది. కొందరికి కలలోకి కూడా పనే వస్తుంది.

సెంటు కొట్టులో ముసలి దంపతులున్నారు. భర్త కొనేవాళ్లకు సీసాల్లో సెంటు కలిపి ఇస్తుంటాడు. భార్యకు మతిమరుపు జబ్బు. ఆమె ఏమీ మాట్లాడదు. పొద్దు గూకే వేళ ఎక్కడికో వెళ్లాలన్నట్టు లేచి తలుపు దాకా వస్తుంది. గడప దాటదు. వర్దా ఆమె గురించి ఏ డాక్టరునూ అడగదు, జాలి పుట్టించే సంగీతం వేయదు. కెమెరా ఆ తలుపు దగ్గరే ఉంటుంది. ఇంట్లో ఇలాంటి పెద్దవాళ్లను చూసుకున్నవాళ్లకు ఆ సాయంత్రపు అలజడి వెంటనే తెలిసిపోతుంది.

తర్వాత ఒక గారడీవాడు వస్తాడు. వీధిలోని కాఫీ హోటల్లో ప్రదర్శన, కొట్లవాళ్లంతా ప్రేక్షకులు. వర్దా ఆ గారడీనీ కొట్లలోని పనినీ ఒకదాని పక్కన ఒకటి అతికిస్తుంది. గారడీవాడి కత్తి, మాంసం కొట్టు కత్తి. గారడీవాడి చేతుల్లో డబ్బులు, కొట్టు గల్లా దగ్గర చిల్లర లెక్కపెట్టే చేతులు. రొట్టెల పిండి రోజూ పొంగుతూనే ఉంది, మనమే దాన్ని గారడీగా చూడటం మానేశాం. అందుకే 'మామూలు వాటిలో అందం' అన్న మాట చాలదన్నాను. ఒక వస్తువు పక్కన ఏ వస్తువు పెట్టాలో తెలియడమే ఇక్కడి పనితనం. దీనికి ఆమె ఒక ఫ్రెంచ్ మాట కూడా తయారు చేసుకుంది: 'సినెక్రిత్యూర్'. సినిమాతో రాయడం అని అర్థం. కెమెరా ఎక్కడ పెట్టాలి, ఎంతసేపు ఉండాలి, ఏది దేని పక్కన రావాలి, వెనక ఏ మాట వినిపించాలి, ఇదంతా కలిపి రాత అని ఆమె లెక్క.

డబ్బు సంగతి కూడా ఇక్కడే చెప్పాలి, డాక్యుమెంటరీల గురించి రాసేవాళ్లు దీన్ని తరచూ దాటేస్తారు. 1954లో మొదలైన ఆ చిన్న కంపెనీయే తర్వాత సినే-తమారిస్ అయింది. ఇల్లు, ఆఫీసు, ఎడిటింగ్ అన్నీ ఆ వీధిలోనే. పెద్ద నిర్మాత ఒప్పుకుంటే గానీ కెమెరా తీయలేని స్థితిలో ఉంటే, బంగాళాదుంపల మీద సినిమా తీస్తానని ఎవరికి చెప్పగలదు?

పారబోసిన దుంపలు, నల్లకోటు లాయరు

ఇక పరిగె సినిమాకు వద్దాం. మొదట్లోనే పెద్ద నిఘంటువు ఒకటి తెరిచి 'గ్లానే', అంటే పరిగె ఏరడం అన్న మాటకు అర్థం చదువుతుంది. అక్కడి నుంచి మిల్లే అనే చిత్రకారుడు 1857లో గీసిన బొమ్మకు వెళ్తుంది. కోత కోసిన పొలంలో ముగ్గురు ఆడవాళ్లు వంగి వెన్నులు ఏరుతుంటారు. పారిస్‌లోని ఓర్సే మ్యూజియంలో ఉంది. తర్వాత ఇంకో చిత్రకారుడు జూల్ బ్రెతోఁ గీసిన బొమ్మ దగ్గరికి పోతుంది. అందులో ఒక స్త్రీ భుజం మీద గోధుమ పన పెట్టుకుని ఠీవిగా నిలబడి ఉంటుంది. వర్దా ఆ బొమ్మ పక్కన తనూ ఒక పన భుజాన పెట్టుకుని నిలబడుతుంది. కాసేపటికి పన కింద పడేసి కెమెరా చేతిలోకి తీసుకుంటుంది. తను ఏరేది ఏమిటో ఒక్క మాట లేకుండా చెప్పేసింది.

బొమ్మల్లో ఆడవాళ్లు కలిసి ఏరతారు. ఇప్పుడు? ఒక్కొక్కరే, ఎక్కువగా మగవాళ్లు కూడా, పొలాల్లో, సంత ముగిశాక వీధుల్లో, చెత్తకుండీల దగ్గర వంగుతున్నారు. వంగడం మారలేదు, పక్కన ఇంకో మనిషి లేకుండా పోయింది.

పొలాల్లో దృశ్యం చూడండి. సూపర్ మార్కెట్లకు ఒక కొలత దుంపలే కావాలి. మరీ పెద్దవి, మరీ చిన్నవి, పచ్చబడినవి, మిషన్‌కు తెగినవి లారీలకెత్తి పొలాల్లో పారబోస్తారు. తెలిసినవాళ్లు సంచులతో వచ్చి ఏరుకుంటారు. ఆ కుప్పలో హృదయం ఆకారంలో ఉన్న దుంప ఒకటి కనబడితే వర్దా సంబరపడి అలాంటివే ఏరి ఇంటికి తెచ్చుకుంది. అయితే అక్కడితో ఆగలేదు. ఇలా పారబోస్తున్నారని పేదలకు భోజనం పెట్టే ఒక సంస్థకు ఫోన్ చేసి చెప్పింది. వాళ్లొచ్చి బస్తాలకొద్దీ ఎత్తుకెళ్లారు. ఆ సంస్థ పేరులో కూడా 'హృదయం' అన్న మాటే ఉండటం కాకతాళీయం. ఆ పొలాలకు దగ్గర్లోనే పాత కారవాన్‌లో బతికే ఒకాయన కనిపిస్తాడు. లారీ డ్రైవర్. లైసెన్సు పోయింది, ఉద్యోగం పోయింది, భార్యాపిల్లలు దూరమయ్యారు. దుంపను చూపిస్తూ మొదలైన మాట అక్కడికి చేరింది. 'మీ జీవితం గురించి చెప్పండి' అంటూ కెమెరా పట్టుకుని వెళ్తే ఎవరైనా బిగుసుకుపోతారు. 'ఈ దుంపలతో ఏం వండుతారు?' అంటే నోరు విప్పుతారు.

ఇంతకీ ఇలా ఏరుకోవడం చట్టప్రకారం సరైనదేనా? మిగిలినదాని మీద హక్కు ఎవరిది? ఇది ఆషామాషీ ప్రశ్న కాదు. బైబిల్లో పొలం అంచులు పూర్తిగా కోయొద్దని, రాలినవి పేదవాళ్లకూ పరదేశులకూ వదలమని ఉంది. రూతు కథంతా ఒక పరిగె ఏరే విధవరాలి కథే. వర్దా ఈ చిక్కును విప్పడానికి ఒక లాయరును నల్లకోటుతో సహా కూరగాయల చేలో నిలబెట్టింది. చేతిలో ఎర్ర అట్ట చట్టం పుస్తకం. కోత పూర్తయ్యాక, పొద్దు పొడిచినప్పటి నుంచి పొద్దు గూకేదాకా ఏరుకోవచ్చని ఆయన చెబుతాడు. దీని మూలం 1554 నాటి రాజశాసనంలో ఉందట. ఇందులో ఇంకో తేడా కూడా ఉంది. నేల మీద రాలిన గింజ, భూమిలో దాగిన దుంప ఏరడానికి ఫ్రెంచ్‌లో ఒక మాట. తీగకో చెట్టుకో మిగిలిపోయిన పండు కోసుకోవడానికి వేరే మాట. ద్రాక్షతోటల్లో ఈ రెండోదాన్ని చాలామంది యజమానులు ఒప్పుకోరు, మిగిలిన గుత్తులు కుళ్లిపోయినా సరే.

చట్టం పుస్తకంలో ఇంత తేటగా ఉన్నది నేల మీద ఎలా ఉంటుందో నోయిర్మూతియే దీవిలో తెలుస్తుంది. పెద్ద ఆటుపోట్ల తర్వాత గుల్లల మడుల నుంచి కొట్టుకొచ్చినవాటిని జనం ఏరుకుంటారు. మడికి ఎంత దూరం ఉండాలి, ఎన్ని కిలోలు తీసుకోవచ్చు అని అడిగితే ఒక్కొక్కరూ ఒక్కో లెక్క చెబుతారు. అందరూ ఎంతో నమ్మకంగానే చెబుతారు. వర్దా ఎవరినీ తప్పు పట్టదు, జవాబుల్ని వరసగా పేర్చి వదిలేస్తుంది.

ఊళ్లలోకి వచ్చేసరికి విషయం గరుకుగా మారుతుంది. ఒక సూపర్ మార్కెట్ చెత్తలో తిండి ఎవరూ తీసుకోకుండా బ్లీచ్ పోశారు. కోపంతో కుర్రాళ్లు అక్కడ గొడవ చేస్తే కేసు కోర్టుకెక్కింది. మేనేజరు మాట, జడ్జి మాట, కుర్రాళ్ల మాట, మూడూ వినిపిస్తాయి. ఇది జరిగిన చాలా ఏళ్లకు, 2016లో, నాలుగు వందల చదరపు మీటర్లకు మించిన కొట్లు అమ్ముడుపోని తిండిని కావాలని పాడుచేయకూడదని ఫ్రాన్స్ చట్టం తెచ్చింది. ఆ చట్టం ఈ సినిమా వల్ల వచ్చిందని చెప్పను. కానీ బ్లీచ్ పోసిన చెత్తకుండీని సినిమా హాల్లో జనానికి చూపించినవాళ్లలో వర్దా ముందువరసలో ఉంది.

ఇందులో కొంత తీసింది చేతిలో ఇమిడే చిన్న డిజిటల్ కెమెరాతో. అప్పటికి అవి కొత్త. వర్దాకు డెబ్బై దాటింది. ఒక చేత్తో కెమెరా పట్టుకుని తన రెండో చేతినే షూట్ చేస్తుంది. ముడతలు, మచ్చలు. తల దువ్వుకుంటూ తెల్లబడిన కుదుళ్లు చూపిస్తుంది. రోడ్డు పక్కన పారేసిన గడియారం దొరుకుతుంది, దానికి ముళ్లు లేవు. ఇంటికి తెచ్చి అలంకరించుకుంటుంది. కాలం గడుస్తున్నట్టు కనబడని గడియారం తనకు బాగుందంటుంది. ఒకసారి కెమెరా ఆపడం మరిచిపోతే వేలాడుతున్న లెన్స్ మూత ఊగుతూ రికార్డయింది. దానికి జాజ్ సంగీతం పెట్టి సినిమాలో ఉంచేసింది. పొలంలో పారబోసిన దుంపను ఏరినట్టే, వేరేవాళ్లయితే తీసేసే షాట్‌ను కూడా ఏరుకుంది.

ఎలుగుబంటి బొమ్మ

అన్నిసార్లూ ఇంత వెచ్చగా ఉండదు. 2004లో తీసిన ఒక సినిమాకు ఆధారం టెడ్డీబేర్. కెనడాకు చెందిన ఈదెస్సా హెండెలెస్ అనే ఆవిడ వేలకొద్దీ పాత ఫొటోలు సేకరించింది. ప్రతి ఫొటోలోనూ ఎక్కడో ఒక ఎలుగుబంటి బొమ్మ ఉంటుంది. పిల్లల చేతుల్లో, సైనికుల పక్కన, కుటుంబాల మధ్య. నేల నుంచి కప్పు దాకా ఫొటోలే ఉన్న గదుల్లో చూసేవాళ్లు నవ్వుకుంటూ తిరుగుతారు. ఆ తర్వాతి గది దాదాపు ఖాళీ. వెనక నుంచి చూస్తే మోకాళ్ల మీద ఉన్న పిల్లాడిలా ఒక బొమ్మ. ముందుకు వెళ్లి చూస్తే హిట్లర్ ముఖం. ఈ ప్రదర్శన జరిగింది మ్యూనిక్‌లో, నాజీల కాలంలో కట్టిన భవనంలో. హెండెలెస్ తల్లిదండ్రులు యూదుల ఊచకోత నుంచి బతికి బయటపడ్డవాళ్లు. ఆ గదిలోంచి వెనక్కి తిరిగొచ్చాక అవే ఫొటోలు అలా కనబడవు. ఆ పిల్లల్లో ఎంతమంది పెద్దవాళ్లయ్యారు అన్న ప్రశ్న వస్తుంది. చిన్న వస్తువు ఎంత బరువు మోయగలదో నాకు ఈ సినిమా నేర్పింది.

2017లో, ఎనభై తొమ్మిదేళ్లకు కొంచెం ముందు, జెఆర్ అనే కుర్ర ఫొటోగ్రాఫర్‌తో కలిసి ఊళ్లు తిరిగిన 'ఫేసెస్ ప్లేసెస్' వచ్చింది. వ్యాన్‌లోనే ఫొటో తీసి, పెద్ద కాగితంపై ముద్రించి గోడలకు అంటించేవాళ్లు. కూల్చేయబోతున్న గని కార్మికుల ఇళ్ల వరసలో మిగిలిపోయిన ఒకామె తన ఇంటి గోడంతా తన ముఖమే చూసుకుని కళ్లనీళ్లు పెట్టుకుంటుంది. రేవులో పనిచేసేవాళ్ల భార్యల నిలువెత్తు బొమ్మలు కంటెయినర్ల మీదికెక్కుతాయి. సముద్రపు ఒడ్డున అంటించిన ఒక ఫొటోను ఒక్క రాత్రిలో అలలు కడిగేస్తాయి. అదే ఏడాది హాలీవుడ్ ఆమెకు గౌరవ ఆస్కార్ ఇచ్చింది, మహిళా దర్శకుల్లో అది తొలిసారి.

తీసుకున్నదాని లెక్క

ఒక గట్టి అభ్యంతరం మిగిలి ఉంది. దాన్ని పక్కన పెట్టలేను. ఆకలితో చెత్తలో ఏరుకునే మనిషి చేసేదీ, కెమెరాతో అతన్ని తీసి సినిమా పండుగలకు పంపించే మనిషి చేసేదీ రెండూ పరిగేనా? ఒకరికది తిండి, ఇంకొకరికది పేరు. పోలిక అందంగా ఉంది గానీ న్యాయంగా ఉందా?

పారిస్ సంతలో ఒకాయన ఉన్నాడు. సంత ఎత్తేసే వేళకు వచ్చి మిగిలిన ఆకుకూరలు, పళ్లు నిలబడే తినేవాడు. వర్దా ఆయన్ను వెంటనే పలకరించలేదు. చాలాసార్లు చూశాకే మాట కలిపింది. అప్పుడు తెలిసింది, ఆయన జీవశాస్త్రం పెద్ద చదువు చదివాడని. స్టేషన్ బయట పత్రికలు అమ్ముకుంటాడు, వలస వచ్చినవాళ్లుండే హాస్టల్లో ఉంటాడు. సాయంత్రాలు అక్కడివాళ్లకు డబ్బు తీసుకోకుండా ఫ్రెంచ్ నేర్పుతాడు. బల్లల ముందు కూర్చున్న పెద్దవాళ్లకు బోర్డు మీద బొమ్మలు గీసి అక్షరాలు చెప్పే ఆ దృశ్యం దగ్గర నాకు ప్రతిసారీ గొంతు పట్టేస్తుంది. సంతలో ఆకులు నములుతున్నప్పుడు మనం ఆయన గురించి ఏమనుకున్నామో గుర్తొచ్చి సిగ్గేస్తుంది కూడా.

సినిమా విడుదలయ్యాక వర్దాకు ఉత్తరాలు, కానుకలు వచ్చిపడ్డాయి. ఆమె ఆ మనుషులందరి దగ్గరికీ మళ్లీ వెళ్లింది. 2002లో 'రెండేళ్ల తర్వాత' అన్న పేరుతో ఇంకో సినిమా తీసింది. డాక్యుమెంటరీ తీసినవాళ్లు తిరిగి వెళ్లి, మీకేమైంది, సినిమా మీకెలా అనిపించింది అని అడగడం అరుదు. అడిగితే ఏ జవాబు వస్తుందో తెలియదు కదా. ఇంట్లో దాచిన హృదయం దుంపలు అప్పటికి ముడతలు పడి మొలకలెత్తాయి, వాటినీ తీసింది. 2003లో వెనిస్‌లోని పెద్ద కళా ప్రదర్శనలో ఏడు వందల కిలోల దుంపల్ని నేల మీద పోసి, వెనక తెరల మీద ఆ మొలకెత్తిన దుంపల్ని చూపించింది. తను బంగాళాదుంప వేషం వేసుకుని తిరిగింది.

సంతలో కనిపించిన ఆ ఉపాధ్యాయుడి దగ్గరికీ వెళ్లింది. ఆయన పారిస్ మారథాన్‌లో పరుగెత్తుతున్నాడు. సినిమా గురించి అడిగింది. సినిమా బాగానే ఉంది గానీ, అందులో మీ గురించి మీరు తీసుకున్న భాగాలు అక్కర్లేదని ఆయన ఆమె ముఖం మీదే చెప్పాడు. వర్దా ఆ మాటల్ని కత్తిరించకుండా సినిమాలో ఉంచింది.